జట్టును గెలిపించారా, ఆటలను గెలిపించారా?

సందేహం: అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్ ఎడీ రాబిన్సన్ గురించి వ్యాసం రాస్తూ ‘ఆయన 408 ఆటలు గెలిచారు’ అన్నాను. మైదానంలోకి దిగని మనిషి ఎలా గెలుస్తాడని మిత్రుడు అభ్యంతరపెట్టి, ‘408 ఆటలను గెలిపించారు, 165 ఆటలను ఓడించారు’ అని దిద్దాడు. ఏది సరైనది?

సమాధానం: మీ వాక్యంలో తప్పేమీ లేదు. పోరాడేది సైన్యమే అయినా రాజు యుద్ధం గెలిచాడనే అంటాం కదా. అయినా కోచ్ విషయంలో ‘గెలిపించారు’ అన్న మాటే నాకు ఎక్కువ నచ్చుతుంది. ఆయన చేసిన పని అందులో కనిపిస్తుంది.

కానీ మీ మిత్రుడు ‘ఆటలను’ అనడం కుదరదు. గెలిపించేది మనుషులను. ఎన్నికలప్పుడు ‘మా అభ్యర్థిని గెలిపించండి’ అంటారు గానీ ‘ఎన్నికను గెలిపించండి’ అనరు. కాబట్టి ‘జట్టును 408 ఆటల్లో గెలిపించారు’ అని రాయండి. క్రికెట్ కబుర్లలో ‘మ్యాచ్ గెలిపించాడు’ అంటుంటాం. అక్కడ ‘జట్టుకు’ అన్న మాట చెప్పకుండానే తెలుస్తుంది. మాటల్లో అది చెల్లుతుంది.

‘ఓడించారు’ దగ్గరికొచ్చేసరికి అర్థమే తిరగబడింది. గెలిపించు, ఓడించు చూడ్డానికి జంటపదాల్లా ఉన్నా వాడుకలో దారులు వేరు. గెలిపించేది మనవాళ్లను, ఓడించేది ఎదుటివాళ్లను. ‘రాబిన్సన్ జట్టును 165 ఆటల్లో ఓడించారు’ అంటే సొంత జట్టును ఆయనే ముంచారన్న అర్థం వస్తుంది. ‘ఆయన హయాంలో జట్టు 165 ఆటల్లో ఓడిపోయింది, 15 డ్రా అయ్యాయి’ అంటే సరిపోతుంది.

‘గెలిపించు’ చివర ఉన్న ఈ ‘ఇంచు’ను, అంటే ఒకరిచేత పని చేయించడాన్ని చెప్పే ప్రత్యయాన్ని, ఎక్కడ వాడకూడదో కూడా చెప్పాలి, రాబిన్సన్ జీవితంలో అది ముఖ్యం. లూసియానాలోని గ్రాంబ్లింగ్ నల్లజాతి విద్యార్థుల కాలేజీ. 1941లో అక్కడ కోచ్‌గా చేరేనాటికి ఆయనకు 22 ఏళ్లు. మైదానంలో గడ్డి ఆయనే కోసేవారు. ఆటగాళ్ల చీలమండలకు పట్టీలు ఆయనే వేసేవారు. ఆట అయ్యాక పత్రికలకు వార్త కూడా ఆయనే రాసి పంపేవారు. వర్ణవివక్ష రోజులవి. అమెరికా దక్షిణాది రాష్ట్రాల హోటళ్లు నల్లవాళ్లకు తిండి పెట్టేవి కావు, అందుకని ప్రయాణాల్లో కుర్రాళ్లకు శాండ్‌విచ్‌లు చేసిపెట్టేవారు. వీటి గురించి ‘కోయించారు, రాయించారు, చేయించారు’ అని రాశారంటే ఆ కష్టమంతా వేరేవాళ్ల ఖాతాలోకి పోతుంది. మొదటి ఏడాది 3 గెలిచి 5 ఓడిన ఆ జట్టే, 1942లో ఆడిన 9 ఆటలూ గెలిచింది, ఎదుటివాళ్లకు ఒక్క పాయింటైనా ఇవ్వకుండా!

1985లో ఆయన అలబామా యూనివర్సిటీ కోచ్ బేర్ బ్రయంట్ పేరున ఉన్న 323 విజయాల రికార్డును దాటారు. ఇక్కడ ‘దాటించారు’ అనక్కర్లేదు, రికార్డు కోచ్ పేరు మీదే ఉంటుంది. 1997లో రిటైరయ్యేదాకా అదే కాలేజీలో ఉన్నారు.

శిష్యుల గురించి రాసేటప్పుడు ‘నేర్పించారు’ వద్దు, ‘నేర్పారు’ చాలు. వాడుకలో రెండూ కలిసిపోయిన మాట నిజమే. అయినా నేర్పించడమంటే మరొకరి దగ్గర పెట్టి చెప్పించడమన్న అర్థం ఇంకా పోలేదు. డగ్ విలియమ్స్‌ను తీసుకోండి. 1988 జనవరిలో సూపర్‌బౌల్ (అమెరికన్ ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ ఫైనల్) గెలిచి, ఆ ఘనత సాధించిన తొలి నల్లజాతి క్వార్టర్‌బ్యాక్ (జట్టు దాడిని నడిపించే ఆటగాడు) అయ్యారు. తర్వాత 1998లో గ్రాంబ్లింగ్‌లో గురువుగారి స్థానంలోకే కోచ్‌గా వచ్చారు. ఆయనకు కాలేజీలో ఆట నేర్పింది రాబిన్సన్.