కోట చుట్టూ గీత గీసేముందు

చిరంజీవి కోడలు పిల్లకి,

అత్తయ్య ఆశీస్సులు. నువ్వు పంపిన నీ నవల తొమ్మిది అధ్యాయాలూ రెండుసార్లు చదివాను. ఇసుక మీద నడిచే పడవలు, ఇద్దరు చంద్రులు లేచే రాత్రి కళ్లకు కట్టినట్టున్నాయి. కానీ నాలుగో అధ్యాయంలో రాజగురువు నగరం చుట్టూ మంత్రపు గోడ కట్టాడు చూడు, అక్కడితో నా టెన్షన్ అంతా పోయింది. శత్రువులు వస్తారు, గోడకు తగిలి పడతారు, మళ్లీ వస్తారు. నీ మనుషులకు ఏమీ కాదని తెలిసిపోయాక వాళ్ల కోసం నేనెందుకు కంగారు పడతాను?

ఈ తప్పు నేనూ చేశాను. నా మొదటి నవల్లో కథానాయకుడికి తాయెత్తు కట్టాను. పాము కాటేసినా తాయెత్తే, నిప్పులో పడినా తాయెత్తే. "ఎలాగూ తాయెత్తు ఉందిగా, మధ్యలో పేజీలు తిప్పేశాను" అంది చదివిన స్నేహితురాలు. ఆ మాట చాలా రోజులు బాధపెట్టింది. ఆ తర్వాతే, మన పాత కథల్లో రక్షణ ఏం పని చేస్తోందో శ్రద్ధగా చూడ్డం మొదలుపెట్టాను.

కర్ణుణ్నే తీసుకో. ఆ కవచం ఎన్ని బాణాలు ఆపిందో మనకెవరికీ గుర్తులేదు. దాన్ని ఒంటి నుంచి కోసి ఇచ్చిన రోజు మాత్రం అందరికీ గుర్తే. అడగడానికి వచ్చేది ఇంద్రుడని సూర్యుడు ముందే హెచ్చరించాడు. తెలిసీ ఇచ్చాడు. బదులుగా దొరికిన శక్తి అనే ఆయుధం ఒక్కసారే పనిచేస్తుంది. అర్జునుడి కోసం దాచుకున్న ఆ ఒక్కసారీ ఘటోత్కచుడి మీద ఖర్చయిపోయింది.

హిరణ్యకశిపుడి వరం చూడు. పగలు కాదు, రాత్రి కాదు. ఇంట్లో కాదు, బయట కాదు. ఎన్ని తలుపులు మూసుకుంటూ పోయాడో, చావు వచ్చే దారి అంత స్పష్టంగా తయారైంది. సంధ్యవేళ, గడప మీద, గోళ్లతో. సైంధవుడికైతే అర్జునుడు తప్ప మిగతా పాండవుల్ని ఆపే వరం ఉంది. అర్జునుడు దూరంగా ఉన్న రోజునే అది పనికొచ్చింది, అభిమన్యుడు వ్యూహంలో ఒంటరివాడయ్యాడు. నీ మంత్రానికి కూడా మాటలు రాయి. ఏమని అడిగారు, ఏది అడగడం మరిచిపోయారు? ఆ మాటలు మొదట్లోనే పాఠకుడి చెవిన పడాలి. గోడ కూలే కారణం పదో అధ్యాయంలో హఠాత్తుగా పుడితే ఎవరూ నమ్మరు.

గోడ రంగు గురించి మాత్రం అంత కష్టపడకు. నీలం వెలుగైనా ఆకుపచ్చ వెలుగైనా ఒకటే.

అసలు ఆ గోడను రోజూ నిలబెట్టేది ఎవరమ్మా? రాజగురువు చెయ్యి ఊపాడని రాసి వదిలేశావు. ఆరో అధ్యాయంలో ఒక్క వాక్యంలో వచ్చి వెళ్లిపోయిన ద్వారపాలకురాలు ఉంది చూడు, నాకు ఆవిడ కావాలి. పొద్దు వాలగానే ఆమె కుడి అరచెయ్యి గోడకు ఆనించి నిలబడాలనుకో. నిలబడ్డ ప్రతిసారీ ఆ చేతిలో స్పర్శ కాస్త కాస్తగా పోతుందనుకో. ఇప్పుడు ఆమెను ఇంట్లో చూపించు. బిడ్డకు ఒళ్లు వెచ్చబడిందేమోనని నుదుటి మీద కుడిచెయ్యి వేస్తుంది. ఏమీ తెలియదు. చెయ్యి మార్చి ఎడమది వేస్తుంది. నుదురు కాలిపోతోంది. అక్కడ ఆపెయ్యి, ఒక్క ముక్క కూడా వివరించకు.

గోడ వచ్చాక ఊళ్లో బతుకూ మారుతుంది. లోపల జానెడు జాగాకు గిరాకీ పెరుగుతుంది. బయట మిగిలిపోయినవాళ్లు చీకటి పడితే గోడకు వీపు ఆనించి పడుకుంటారు. రెండు తరాలు దాడే చూడని పిల్లలకు విల్లు పట్టుకోవడం రాదు. పిట్టలు దాటగలవా? రోగం దాటుతుందా? సీత చుట్టూ గీసిన గీత బయటివాణ్ని ఆపింది గానీ, లోపలి నుంచి పడే అడుగును ఆపలేదు. నీ గోడ సంగతేమిటో నువ్వే తేల్చుకోవాలి. ఇవన్నీ పుస్తకంలోకి ఎక్కించక్కర్లేదు, నీకు తెలిసి ఉంటే చాలు.

ఆ ద్వారపాలకురాలికి నువ్వు పేరైనా పెట్టలేదు. ముందు ఆ పని చెయ్యి. తర్వాత ఆమెకే జ్వరం వచ్చి మంచం దిగలేని సాయంత్రం ఒకటి ఊహించు. పొద్దు వాలుతోంది. గోడ దగ్గర ఎవరూ లేరు. తల్లి రోజూ ఎక్కడ చెయ్యి పెడుతుందో పదేళ్ల కొడుకు ఒక్కడికే తెలుసు. అక్కణ్నుంచి రాసి పంపు, ఎదురుచూస్తుంటాను.

ఇట్లు,
మీ అత్తయ్య