చిన్న కాలేజీలో ఫుట్‌బాల్ కోచ్ అయితే బతకగలమా?

మిన్నెసోటాలో చదువుతున్న మీ అబ్బాయి చిన్న కాలేజీలో అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్ అవుతానంటున్నాడనీ, దాన్ని నమ్ముకుని బతకొచ్చా అనీ అడిగారు. నేను సెయింట్ క్లౌడ్‌లో తొమ్మిదేళ్లు ఉన్నాను. మా పక్కింటాయన అలాంటి ఒక కాలేజీలో అసిస్టెంట్ కోచ్. ఆయన్ని చూశాక చెబుతున్నాను: బతకొచ్చు, కానీ మొదటి పదేళ్లు చాలా కష్టం.

దగ్గర్లోనే కాలేజ్‌విల్‌లో సెయింట్ జాన్స్ యూనివర్సిటీ ఉంది. జాన్ గలార్డి 1953 నుంచి 2012 దాకా అక్కడే కోచ్. 1943లో వాళ్ల హైస్కూల్ కోచ్ యుద్ధానికి వెళ్తే, 16 ఏళ్ల ఈయనే జట్టుని నడిపించారు. అక్కడ మొదలై కాలేజీ కోచ్‌గా 489 మ్యాచ్‌లు గెలిచారు. అన్ని గెలుపులు ఇంకే కాలేజీ ఫుట్‌బాల్ కోచ్‌కీ లేవు. ప్రాక్టీసులో ఈల ఊదేవారు కాదు, కుర్రాళ్లని ఒకరినొకరు పడగొట్టుకోనిచ్చేవారు కాదు. వాళ్లు ఆయన్ని కోచ్ అని కాకుండా 'జాన్' అనే పిలిచేవాళ్లు. చేరతానన్న కుర్రాణ్ణి కాదనేవారు కాదు. ఒక శనివారం పక్కింటాయన నన్ను సెయింట్ జాన్స్ మ్యాచ్‌కి తీసుకెళ్లాడు. మైదానం గీత వెంట బారులు తీరిన కుర్రాళ్లని చూసి నాకు ఆశ్చర్యమేసింది. వాళ్లలో చాలామందికి ఆ రోజు ఆడే అవకాశమే రాలేదు, అయినా చలిలో చివరిదాకా అరుస్తూనే ఉన్నారు.

అయితే అందరికీ అరవై సీజన్లు ఒకేచోట దొరకవు. సెయింట్ జాన్స్ లాంటివి డివిజన్ త్రీ, అంటే కాలేజీ ఆటల్లో మూడో శ్రేణి కాలేజీలు. అవి ఆట కోసం స్కాలర్‌షిప్ ఇవ్వకూడదు. అందుకని కుర్రాళ్లని ఒప్పించి తీసుకురావడమే కోచ్‌కి పెద్ద పని. మా పక్కింటాయన సీజన్ అవగానే కారేసుకుని హైస్కూళ్ల చుట్టూ తిరిగేవాడు. తల్లిదండ్రులతో కూర్చుని ఫీజులూ లోన్లూ లెక్కేసి చెప్పేవాడు. సీజన్‌లో ఆదివారాలు మ్యాచ్ వీడియోలు చూడటంతోనే సరిపోయేది. జీతం చాలక వేసవిలో ఇళ్లకి రంగులు వేసేవాడు. హెడ్ కోచ్ మారగానే కొత్తాయన తన మనుషుల్ని తెచ్చుకున్నాడు, ఈయన ఉద్యోగం పోయింది. ఇద్దరు పిల్లలతో వేరే రాష్ట్రానికి వెళ్లారు. సామాను సర్దుతూ ఆయన భార్య ఏడ్చిన రోజు నాకింకా గుర్తుంది. ఆయన మాత్రం ఇప్పటికీ కోచింగ్‌లోనే ఉన్నాడు, వేరే పని చేయాలని ఒక్కసారీ అనలేదు.

మీ అబ్బాయి ఎఫ్-1 (విద్యార్థి) వీసా మీద ఉంటే ఇంకో సంగతి. కాలేజీలకి హెచ్-1బి (ఉద్యోగ వీసా) లాటరీ బెడద లేదు, కానీ చిన్న స్టైపెండ్ ఇచ్చే పోస్టుకి స్పాన్సర్ చేసే కాలేజీ దొరకడం కష్టం. టీచింగ్ లైసెన్స్ కూడా తెచ్చుకోమనండి. హైస్కూల్లో పాఠాలు చెబుతూ సాయంత్రాలు కోచింగ్ చేసేవాళ్లు అక్కడ చాలామంది.

ముందుగా వాళ్ల కాలేజీ కోచ్‌ని అడిగి, ఆగస్టు క్యాంపు నుంచి నవంబరు దాకా జట్టుకి సాయం చేయమనండి. అన్ని ఆదివారాలు ఆ వీడియో గదిలో కూర్చున్నాక కూడా ఇదే కావాలంటే, దయచేసి అడ్డు చెప్పకండి.