ఇంట్లో రాని ఏడుపు పార్కులో ఎందుకొచ్చింది

అమ్మ పోయాక ఇంట్లో రాని ఏడుపు, పార్కులో కలిసిన ఒక పెద్దాయన దగ్గర ఎందుకొచ్చిందని అడిగారు. మీరు ఇంట్లో ఏడుపు ఆపుకుంటున్నది నాన్నగారి కోసం, తమ్ముడి కోసం. మీరు ఏడిస్తే వాళ్లు ఇంకా కుంగిపోతారని. ఇందిరా పార్కు బెంచీ మీద, భార్యను పోగొట్టుకున్న ఆ పెద్దాయన దగ్గర ఆ భయం లేదు. అందుకే అమ్మ గురించి చెబుతూ ఏడ్చేశారు. తప్పేమీ లేదండీ, ఇంట్లోవాళ్లను పరాయి చేసినట్టూ కాదు.

ఆయన మళ్లీ కనిపిస్తే ఏం మాట్లాడాలన్నారు కదా.

1. పక్కన కూర్చోండి. మాటలు రాకపోయినా ఫర్వాలేదు.

2. ఆయన భార్య పేరు అడగండి. చాలామంది వదిలేసేది ఇదే. "ఎట్లా పోయారు?" అని అందరూ అడుగుతారు, ఆసుపత్రి రోజులన్నీ మళ్లీ చెప్పిస్తారు. పేరు అడిగితే ఆవిడ పెట్టే పులుసు, ఆవిడ కోపం, బతుకమ్మ పేర్చే తీరు బయటికొస్తాయి. తర్వాత మీ అమ్మ పేరు చెప్పండి. దినాలు అయిపోయాక ఆ పేర్లు పలికేవాళ్లే తగ్గిపోతారు.

3. ఫోన్ నంబరు కోసం పట్టుబట్టకండి. ఆయన రాకపోతే మీ వల్లేననుకోవద్దు.

నిద్ర, తిండి బొత్తిగా పోతే మాత్రం ఆగకుండా 14416కు ఫోన్ చేయండి. ప్రభుత్వం నడిపే మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ అది. ఉచితం, అర్ధరాత్రయినా పలుకుతారు, తెలుగులోనే మాట్లాడొచ్చు.