గ్రీకు విగ్రహాలు ఒక కాలి మీదే బరువు వేసి నిలబడతాయెందుకు?

బస్టాప్‌లో పది నిమిషాలు నిలబడి చూడండి, మనకు తెలియకుండానే బరువంతా ఒక కాలి మీదకు పోతుంది. గ్రీకు శిల్పులు పట్టుకున్నది దాన్నే. క్రీ.పూ. 6వ శతాబ్దపు కూరోస్ (నిలబడిన యువకుడి) విగ్రహాల్లో ఎడమ కాలు ముందుకున్నా నడుము మాత్రం కొయ్యబొమ్మలా బిగుసుకుని ఉంటుంది. క్రీ.పూ. 480 ప్రాంతపు 'క్రిటియోస్ బాలుడు' అలా కాదు. ఏథెన్స్‌లోని అక్రోపొలిస్ మ్యూజియంలో ఉన్న ఈ పాలరాతి పిల్లాడి బరువు ఎడమ కాలి మీద ఉంది, కుడి మోకాలు కాస్త వంగింది. దాంతో కుడి తుంటి కొద్దిగా జారింది, తల కూడా ఓ పక్కకు తిరిగింది. అంతే, రాయికి ఊపిరొచ్చినట్టుంటుంది!

తర్వాత పోలిక్లైటోస్ అనే గ్రీకు శిల్పి తన 'ఈటె పట్టిన వీరుడి'లో దీన్ని లెక్క ప్రకారం స్థిరపరిచాడు. ఆ కంచు విగ్రహం ఇప్పుడు లేదు, మిగిలినవి ఎక్కువగా రోమన్ల పాలరాతి నకళ్లే. వాటిలో కాలి పక్కన కనిపించే చెట్టు మొద్దు అలంకారం కాదు, రాతి చీలమండలు విరక్కుండా పెట్టిన ఆసరా.