కుక్క మొరగడం చూసి భూకంపం వస్తుందని చెప్పొచ్చా?

2024 డిసెంబర్ 4న ములుగు భూకంపం వచ్చినప్పుడు నల్లగొండలో మీ కుక్క కాస్త ముందే మొరిగిందని, జంతువులను నమ్ముకుంటే ముందే జాగ్రత్తపడొచ్చా అని అడిగారు. మీ కుక్క నిజంగానే పసిగట్టి ఉంటుంది. కానీ అప్పటికే ములుగులో భూమి కదిలిపోయింది.

భూకంపంలో మొదట వచ్చే అల సెకనుకు దాదాపు 6 కిలోమీటర్లు పోతుంది. అది సన్నగా ఉంటుంది, మనలో చాలామందికి తెలియదు. గట్టిగా ఊపే రెండో అల వేగం సుమారు మూడున్నర కిలోమీటర్లే. ములుగు అడవి నుంచి నల్లగొండ 150 కిలోమీటర్ల పైనే కాబట్టి, రెండింటికీ మధ్య దాదాపు ఇరవై సెకన్ల తేడా వస్తుంది. కుక్క మొదటిదానికే లేచి ఉంటుంది.

మాది పాత నల్లగొండ జిల్లాలోనే, మేళ్లచెరువు దగ్గర. 2020 జనవరిలో చింతలపాలెం, మేళ్లచెరువు మండలాల్లో భూమి మాటిమాటికీ అదిరింది. క్వారీలో బ్లాస్టింగ్ అనుకున్నారు చాలామంది. 26న తెల్లవారుజామున వచ్చినదాని తీవ్రత 4.6. ఆ రోజుల్లో కుక్క మొరిగినా, బర్రె పలుపు గుంజుకున్నా పిల్లల్ని ఎత్తుకుని వాకిట్లోకి ఉరికేవాళ్లం. చాలాసార్లు ఏమీ వచ్చేది కాదు. వచ్చినప్పుడేమో శబ్దం, ఊపు, మొరుగుడు అన్నీ ఒక్కసారే. మా కాళ్ల కిందే పుడుతుంటే కుక్కకైనా టైమెక్కడిది? అయినా తెల్లారి రచ్చబండ దగ్గర మాత్రం ‘మా కుక్క ముందే చెప్పింది’ అనే మాటే వినబడేది. ఊరికే మొరిగిన రాత్రుల లెక్క ఎవరూ తీయలేదు. ముసలివాళ్లు నిద్రలేక ఎంత టెన్షన్ పడ్డారో చూశాను కాబట్టి ఇంత గట్టిగా చెబుతున్నాను.

గంటలు, రోజుల ముందే చెబుతాయన్నదానికి అందరూ చైనాలోని హైచెంగ్‌ను చూపిస్తారు. 1975 ఫిబ్రవరిలో అక్కడ వచ్చిన పెద్ద భూకంపానికి ముందు, గడ్డకట్టే చలిలో పాములు బయటికి వచ్చాయన్నారు, జనాన్ని ఖాళీ చేయించారు. కానీ అక్కడ పెద్దదానికి ముందు చిన్న భూకంపాలు వరసగా వచ్చాయి. మరుసటి ఏడు తాంగ్‌షాన్‌లో ఏ హెచ్చరికా లేకుండానే 2 లక్షల 40 వేల మందికి పైగా పోయారు. 2016-17లో ఇటలీలో ఒక పొలంలోని ఆవులకు, గొర్రెలకు, కుక్కలకు సెన్సర్లు కట్టి చూసిన జర్మనీ జీవశాస్త్రవేత్త మార్టిన్ వికెల్స్కీ బృందం, భూకంపానికి 20 గంటల ముందు వరకు వాటి కదలిక పెరిగిందని 2020లో రాసింది. ఆసక్తికరమైన పనే, కానీ ఒక్క పొలం. జర్మనీలోని పోట్స్‌డామ్ భూశాస్త్ర కేంద్రం శాస్త్రవేత్తలు 2018లో ఇలాంటి 700కు పైగా కథనాలను పరిశీలించారు. ఎక్కువ భాగానికి ముందొచ్చిన చిన్న కంపనాలే కారణమయ్యే అవకాశం ఉందన్నారు.

నాకు కుక్క కంటే గోడ మీద భయం ఎక్కువ. 1993లో మహారాష్ట్రలోని కిల్లారి భూకంపంలో దాదాపు పది వేల మందిని చంపింది మట్టితో పేర్చిన బరువైన రాతి గోడలు, వాటి మీది మట్టి మిద్దెలు. మన పల్లెల్లో ఇప్పటికీ అలాంటి ఇళ్లున్నాయి. 2020లో మేం చేసింది ఇంతే: ఉబ్బిన గోడ పక్క నుంచి మంచాలు జరిపాం, అటక మీది బిందెలు, బస్తాలు దించాం. మీ మంచం తల వైపు ఏముందో ఈ రాత్రికే ఒకసారి చూడండి.