చిరుత ఇల్లు ఎక్కడ? – ఆవాసం, తావు, జింక, దుప్పి

సందేహం: మా మనవడికి నాలుగేళ్ళు. తిరుపతిలోనే బడికి పోతున్నాడు. బడిలో ఇచ్చిన బొమ్మల కాగితంలో ‘జంతువులు – వాటి ఇళ్ళు’ అని ఉంది. సింహానికి గుహ, కుందేలుకు బొరియ, ఏనుగుకు అడవి అని గీతలతో కలపాలి. చిరుత పక్కన ఖాళీ వదిలారు. ‘అవ్వా, చిరుత ఇల్లు యాడుంది?’ అని వాడు అడిగితే ఏం చెప్పాలో నాకు తోచలేదు. జంతువులు ఉండే చోటును ఇల్లు అనొచ్చా? నివాసం, ఆవాసం – వీటిలో ఏది సరి? ఇంకొక సందేహం. జూపార్కులో మచ్చలున్నదాన్ని చూపించి నేను జింక అంటే, పక్కన నిలబడిన ఆయన అది దుప్పి అన్నాడు. మరి లేడి అంటే ఏది?

సమాధానం: అమ్మా, ముందు మీ మనవడి ప్రశ్నకే జవాబు చెబుతాను. మీ ప్రశ్నకు దారి అందులోనే ఉంది.

‘ఇల్లు’ తెలుగులో మనుషుల మాట. కడతాం, అలుకుతాం, ముగ్గు పెడతాం. ఇల్లాలు, ఇల్లరికం, ఇంటిపేరు అన్నీ దాని చుట్టూ అల్లుకున్నవే. జంతువుల దగ్గరికి వచ్చేసరికి మన పెద్దలు ఈ మాటను పక్కన పెట్టారు. పక్షికి గూడు, ఎలుకకు కలుగు, చిలకకు చెట్టుతొర్ర, తేనెటీగకు తుట్టె, పాముకు పుట్ట. ఆ పుట్ట కూడా పాము పెట్టింది కాదు. ‘చీమలు పెట్టిన పుట్టలు పాములకు ఇరవైనట్టు’ అని మనవాళ్ళు ఊరకే అనలేదు. ఇరవు అంటే ఉండే చోటు. నిజానికి ఆ పుట్ట చెదపురుగులది. ఆ చెదల కోసమే ఎలుగుబంటి వచ్చి పుట్టను తవ్వుతుంది. ఒక్క పుట్టను చూపించి మూడు ప్రాణుల కథ చెప్పొచ్చు మీరు.

గూడు, కలుగు ఉన్నవాటితో చిక్కు లేదు. చిక్కంతా ఏదీ కట్టుకోని వాటితోనే. చిరుత పగలు బండల నీడనో పొదల్లోనో పడుకుని, చీకటి పడితే తిరుగుతుంది. రేపు పడుకునే చోటు ఇవాళ్టిదే అని లేదు. ఏనుగు సంగతి చెప్పనే అక్కర్లేదు. మన పలమనేరు, కుప్పం వైపు కౌండిన్య అడవుల్లోకి ఏనుగులు 1980లలో తమిళనాడు, కర్ణాటక నుంచి నడుచుకుంటూ వచ్చాయి. ఆ తర్వాత 1990లో దాన్ని అభయారణ్యం చేశారు. మూడు రాష్ట్రాల అడవీ వాటికి ఒకటే నడక. అక్కడి రైతులు ‘ఏనుగులు దిగినాయి’ అంటారు. ఆ ‘దిగినాయి’లో అవి కొండ మీద ఉంటాయనీ, చేను కోసం కిందికి వస్తాయనీ రెండూ ఉన్నాయి.

కాబట్టి మీ మనవడితో ‘చిరుతకు ఇల్లు లేదు నాయనా, కొండంతా దాని తావే’ అనండి. తావు అనే మాట మన సీమలో ఇంకా నోళ్ళలో ఆడుతోంది. దాన్ని పిల్లలకు అందించకపోతే మన తరంతోనే పోతుంది.

ఆ కాగితంలో ఇంకో తప్పు కూడా ఉంది. సింహం గుహలో కాపురముండే జంతువు కాదు. గిర్ అడవిలోనూ అది చెట్ల నీడన, గడ్డిలో ఉంటుంది. కుందేలు–బొరియ కూడా అరువు తెచ్చుకున్న జతే. బొరియ తవ్వేది పరాయి దేశపు కుందేలు. మన చేలల్లో పరుగెత్తే చెవులపిల్లి బొరియ తవ్వదు. పొద కింద, గడ్డిలో ఒళ్ళు దాచుకుని పడుకుంటుంది. పరభాషలోని కాగితాన్ని తెలుగు చేసినవారు మాటలు మార్చారు గానీ మన పొలం వైపు చూడలేదు. పసివాడి తలలో మొదట పడే ముద్ర ఇది. అందుకే దీన్ని చిన్న తప్పుగా తీసుకోలేను.

ఇక ఆవాసం, నివాసం. రెండూ సంస్కృతంలో ‘ఉండు’ అనే అర్థమున్న ‘వస్’ ధాతువు నుంచి వచ్చినవే. వసతి, ప్రవాసం, ఉపవాసం కూడా ఆ కుటుంబమే. వాడుకలో నివాసం మనిషికి అంటుకుపోయింది, నివాస ధ్రువపత్రం అంటాం కదా. ఒక ప్రాణికి తిండి, నీళ్ళు, దాపు, పిల్లల్ని సాకే చోటు అన్నీ దొరికే పరిసరాన్ని శాస్త్రంలో ఆవాసం అంటున్నారు. పై తరగతుల పుస్తకానికి అది సరైన మాటే. నాలుగేళ్ళవాడికి మాత్రం నామవాచకం కంటే క్రియలు మేలు. ఎక్కడ తిరుగుతుంది? ఏం తింటుంది? నీళ్ళు యాడ తాగుతుంది? యాడ పండుకుంటుంది? ఈ నాలుగు అడిగితే ఆ మాట పలకకుండానే ఆవాసమంతా చెప్పినట్టు.

‘జనావాసాల్లోకి చిరుత’ అని పత్రికల్లో చదువుతుంటాం. అందులోనూ ఉన్నది ఈ ఆవాసమే, జనానిది. 2023లో తిరుమల నడకదారిలో చిరుత దాడికి ఒక పసిపాప బలైంది. ఆ భయం మన ఊరి ప్రతి తల్లికీ తెలుసు. బిడ్డకు జాగ్రత్త చెప్పాల్సిందే. చెప్పేటప్పుడు ‘చిరుత మన దారిలోకి వచ్చింది’ అనకుండా ‘చిరుత తిరిగే కొండలో మనం నడుస్తున్నాం, చెయ్యి వదలొద్దు’ అనండి. ఎవరి తావులో ఎవరున్నారో ఆ వాక్యమే చెప్పేస్తుంది.

జింక విషయంలో ఇద్దరిదీ తప్పు కాదు. ఒంటినిండా తెల్లమచ్చలున్నదాని పేరు దుప్పి. మచ్చల్లేకుండా దానికంటే పెద్దగా ఉండేది కణుజు. ఈ రెండింటిలో మగవాటి కొమ్ములు కొమ్మల్లా చీలి ఉంటాయి, రాలిపోయి మళ్ళీ మొలుస్తాయి. జింక అసలు కృష్ణజింక పేరు, మన రాష్ట్ర జంతువు. దాని కొమ్ములు మెలికలు తిరిగి ఉంటాయి, రాలవు. అందులో మగది ఇర్రి, ఆడది లేడి. కొండల్లో కంటే మైదానపు గడ్డినేలల్లో ఉంటుంది, ‘లేడికి లేచిందే పరుగు’ అన్న సామెత పుట్టింది అక్కడే అనిపిస్తుంది నాకు. కాలం గడిచేకొద్దీ హద్దులు చెరిగాయి. మారీచుడు మగవాడైనా వాడి వేషాన్ని మాయలేడి అన్నాం. అలిపిరి నడకదారిలో దుప్పులున్న చోటును జింకల పార్కు అంటున్నాం. ఇంటి మాటల్లో జింక అందరికీ చెల్లుతుంది. బిడ్డ వేలు పెట్టి చూపించి అడిగినప్పుడు మాత్రం దుప్పి అనే చెప్పండి. పిల్లలకు ఒక పేరుకు బదులు మూడు పేర్లు బరువు కావు, సంబరం.

మరి కాగితంలో చిరుత పక్కన ఖాళీ మిగిలే ఉంది కదా. మీ మేడ మీదికి తీసుకెళ్ళి శేషాచలం కొండను చూపించండి. ఆ వంపును అలాగే గీయమనండి.