గిఫ్ట్ రాసిచ్చాక పిల్లలు చూడకపోతే ఆ ఇల్లు వెనక్కి వస్తుందా?

"మా పెద్దమ్మ ఇల్లు కొడుక్కి గిఫ్ట్ రాసిచ్చింది, ఇప్పుడు తిండికి కూడా చూడట్లేదు. ఆ రిజిస్ట్రేషన్ రద్దవుతుందా? లాయర్‌ని పెట్టుకోవాలా?" అని అడిగారు. రద్దయ్యే దారి ఉందండీ. కాకపోతే ఆవిడకు 60 నిండి ఉండాలి, తనను చూసుకోవాలన్న షరతు మీదే ఇల్లు ఇచ్చిందని చూపించగలగాలి. మా మేనత్తకు ఇదే కష్టం వచ్చినప్పుడు అర్జీ రాయడం దగ్గర్నుంచి ఉత్తర్వు చేతికొచ్చేదాకా నేను వెంట ఉన్నాను.

తల్లిదండ్రులు, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టం 2007లో వచ్చింది. మీకు కావాల్సింది అందులో 23వ సెక్షన్. కనీస అవసరాలు చూడాలన్న షరతు మీద ఆస్తి పుచ్చుకుని, తర్వాత ఆ మాట తప్పితే, దాన్ని మోసంతోనో బలవంతంతోనో రాయించుకున్నట్టే లెక్కగట్టి ట్రిబ్యునల్ (ఈ చట్టం కింద పెద్దల అర్జీలు విచారించే అధికారిక వేదిక) రద్దు చేయొచ్చు. చిక్కంతా ఆ షరతు దగ్గరే. మా అత్త దస్తావేజు నకలు తీయించి చూస్తే "నీయందు నాకు గల ప్రేమాభిమానములచేత" అని ఉంది, "ఇకమీదట నాకెట్టి హక్కును లేదు" అని ఉంది. ఆవిడ తిండి, మందులు, ఉండే గది గురించి ఒక్క ముక్క లేదు. గిఫ్ట్ దస్తావేజులు చాలావరకు ఈ మూసలోనే రాస్తారు. వేలిముద్ర వేయించేముందు పెద్దవాళ్లకు నెమ్మదిగా చదివి వినిపించేవాళ్లే ఉండరు. నాకు కడుపు మండేది అక్కడే.

షరతు రుజువు కాకపోతే 23 వర్తించదని 2022 డిసెంబరులో సుదేశ్ ఛికారా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దాన్ని చూపించి మీ ఉత్సాహం నీరుగార్చేవాళ్లు ఉంటారు. 2025 జనవరి 2న వచ్చిన ఊర్మిళా దీక్షిత్ తీర్పు కూడా దగ్గర పెట్టుకోండి. ఆ మధ్యప్రదేశ్ తల్లి 2019లో కొడుక్కి గిఫ్ట్ రాసింది. చివరిదాకా చూసుకుంటానని కొడుకు ఇచ్చిన హామీ పత్రం విడిగా ఉంది. హైకోర్టులో ఆమె ఓడిపోయినా, సుప్రీంకోర్టు ఆ పత్రాన్నీ లెక్కలోకి తీసుకుని గిఫ్ట్ రద్దు చేసింది, ఆస్తి ఆమెకు అప్పగించమంది. ఇది పెద్దల మేలు కోసం చేసిన చట్టం, ఆ దృష్టితోనే చదవాలని స్పష్టంగా చెప్పింది.

మా అత్తను నిలబెట్టిందీ అలాంటి కాగితమే. బ్యాంకు పుస్తకం, రేషన్ కార్డు దాచుకున్న ప్లాస్టిక్ కవర్లో, పెద్దమనుషుల ముందు కొడుకు సంతకం పెట్టిన ఒప్పందం దొరికింది. కాబట్టి ముందు పెద్దమ్మ దగ్గరున్న ప్రతి కాగితం తిరగేయండి, ఆ రోజు కూర్చున్న పెద్దమనుషులెవరో అడగండి.

అర్జీ ఆర్డీవో ఆఫీసులో ఇవ్వాలి, ట్రిబ్యునల్‌కు ఆయనే అధ్యక్షుడు. లాయర్ అక్కర్లేదు. మా విచారణ రోజు ఆర్డీవో గారు "ఏం కావాలమ్మా?" అంటే, అత్త "వాణ్ణి జైల్లో పెట్టొద్దు బాబూ, వంటగదికి వేసిన తాళం తీయించండి చాలు" అంది. ఇల్లు పోయిందన్న సంగతి ఆవిడ నోట రాలేదు. అందుకే చెబుతున్నాను, అర్జీలో అన్నీ రాయండి: ఏ తేదీ నుంచి తిండి పెట్టట్లేదు, మందులకు నెలకు ఎంతవుతోంది, గిఫ్ట్ రద్దు కావాలా, ఇల్లు స్వాధీనం కూడా కావాలా. పెద్దవాళ్లు అక్కడికెళ్లాక కొడుకు మొహం చూసి సగం మింగేస్తారు.

గిఫ్ట్ సంగతి ఎటు తేలినా నెలవారీ భరణం విడిగా అడగొచ్చు. దానికి షరతుతో పనిలేదు. నోటీసు అందిన 90 రోజుల్లో తేల్చాలి, మహా అయితే ఇంకో 30 రోజులు. ఈలోపు మధ్యంతర భరణం ఇప్పించమని కూడా అడగండి. గరిష్ఠంగా నెలకు 10,000 రూపాయలే. ఈ రోజుల్లో బీపీ, షుగర్ మందులు, పనిమనిషి జీతం కలిపితే ఆ డబ్బు దేనికీ చాలదు. ఆ పరిమితి ఎత్తేయాలని 2019లో బిల్లు పెట్టారు గానీ చట్టం కాలేదు, ఇది చాలా అన్యాయం. పెద్దమ్మను పూర్తిగా వదిలేసి వెళ్లిపోతే 24వ సెక్షన్ కింద మూడు నెలల వరకు జైలు లేదా 5,000 వరకు జరిమానా, లేదా రెండూ.

ఇంట్లో కోడలు ఉంటే ఖాళీ చేయించడం అంత తేలిక కాదు. గృహహింస చట్టం కింద ఆమెకూ ఆ ఇంట్లో నివాస హక్కు ఉండొచ్చని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. అలాంటప్పుడు ట్రిబ్యునల్ ఇద్దరి సంగతీ చూస్తుంది.

ఇంకా సంతకం పెట్టని పెద్దలు మీ ఇంట్లో ఉంటే వీలునామా రాయమనండి, బతికుండగా ఎప్పుడైనా మార్చుకోవచ్చు. గిఫ్టే రాయాల్సి వస్తే, తిండి, వైద్యం చూడాలనీ, చివరిదాకా ఆ ఇంట్లోనే ఉంటాననీ దస్తావేజులోనే రాయించండి.

పెద్దమ్మను కొడుతున్నా, గదిలో పెట్టి తాళం వేస్తున్నా ట్రిబ్యునల్ దాకా ఆగొద్దు, వెంటనే 112కి ఫోన్ చేయండి. సలహాకైతే వయోవృద్ధుల హెల్ప్‌లైన్ 14567 ఉంది. ఆవిడ ఆఫీసుకు కదలలేని స్థితిలో ఉంటే, ఆవిడ రాసిచ్చిన అనుమతితో మీరే అర్జీ వేయొచ్చు.